సార్ భయపడలేదంటరు గదా

బాపూ,

ఈ రోజు నీ సంవత్సరీకం. అమ్మ నీ ఫొటో ముందు మటన్, కల్లుతో పాటు, చావుకు భయపడొద్దని చెప్పే నీ రోమన్ తత్వవేత్త పుస్తకం కూడా పెట్టింది. నువ్వొచ్చి తినిపోవాలని తలుపు దగ్గరికి వేసి అందరం వాకిట్లో నిలబడ్డాం.

కోరుట్ల కాలేజీలో నీ దగ్గర చదువుకున్న మల్లేశం నన్ను పక్కకు పిలిచాడు. ఆయనకూ నీ జబ్బే వచ్చిందట.

“గా పుస్తకం నాకియ్యి చెల్లే. సార్ సావుకు భయపడలేదంటరు గదా. నాకు నిద్ర పడ్తలేదు.”

అందరూ అలాగే అనుకుంటారు. జగిత్యాల దవాఖానలో నువ్వు నా చెయ్యి వదలకుండా “భయమైతాంది బిడ్డా” అన్న సంగతి అమ్మకు కూడా తెలియదు. మల్లేశానికి చెప్పేశాను. భయపడేది తానొక్కడే కాదని తెలిస్తే మనసు కుదుటపడుతుందనుకున్నాను.

తలుపు తీశాక పుస్తకం తెచ్చి ఆయన చేతికివ్వబోయాను. తీసుకోలేదు.

“వద్దు చెల్లే. సార్‌కే పనిచెయ్యలే, నాకేం జేస్తది?”

అన్నం కూడా తినకుండా వెళ్లిపోయాడు, బాపూ.