అత్తగారి అధ్యాయం

ఫ్రిస్కో,
అక్టోబరు 3

ప్రియమైన అత్తయ్యగారికి,

నమస్కారాలు. ఉత్తరం చూసి కంగారు పడకండి, అందరం బాగున్నాం. ఫోన్ చేద్దామంటే మీ అబ్బాయి కార్లో స్పీకర్ పెడతాడు, అక్కడ మీ అమ్మాయి సుమతి వంటింట్లో స్పీకర్ పెడుతుంది. ఈ మాట మనిద్దరమే మాట్లాడుకోవాలి. అందుకే పోస్ట్ చేస్తున్నాను.

నా ఇంగ్లీషు నవల న్యూయార్క్‌లో ఒక ఎడిటర్‌కి నచ్చింది. మీరు మాతో ఉన్నప్పుడు శని, ఆదివారాలు తలుపు వేసుకుని రాసుకున్నానే, అదే. పేర్లు మార్చానుగానీ మనింటి కథే. ఆవిడ ఒక్క అత్తగారి దగ్గరే ఆగిపోయింది. "ఈవిడని నమ్మేటట్టు లేదు. ఇంత సుఖంగా ఉన్న అత్తాకోడళ్ల గురించి ఎవరు చదువుతారు?" అంది. అత్తగారు కోడల్ని రాయనివ్వకూడదట, లాప్‌టాప్ దాచేయాలట, అప్పుడే హీరోయిన్‌కి తన గొంతు దొరుకుతుందట. అలా మారిస్తే పుస్తకం వేస్తారు, లేకపోతే లేదు.

ఈ పుస్తకం రావాలని నాకెంత ఉందో మీకు తెలుసు. మనలాంటి పేర్లున్న ఆడవాళ్ల పుస్తకాలు ఇప్పుడు షాపుల్లో ముందు బల్ల మీదే పెడుతున్నారు. వెళ్లినప్పుడల్లా రెండు పుస్తకాలు పక్కకి జరిపి, నాదానికి ఎంత చోటు పడుతుందో చూసుకుంటాను. కానీ చదివినవాళ్లంతా ఆ అత్తగారు మీరే అనుకుంటారు. మొదట రాసిన అధ్యాయం ప్రింట్ తీసి పంపుతున్నాను. మీరు ఎలా అంటే అలాగే.

మీ కోడలు,
శ్రీవిద్య


డబ్లిన్,
అక్టోబరు 12

బంగారుతల్లి శ్రీవిద్యకు,

ఆశీస్సులు. ఉత్తరం రాగానే సుమతి "ఎవరిదమ్మా, ఎవరిదమ్మా?" అని వెంటపడింది. ఇన్సూరెన్స్ వాళ్లదని చెప్పాను. ఈ వయసులో రహస్యంగా ఉత్తరాలు అందుకోవడం బాగానే ఉంది.

మనవడు ఆరుష్‌గాడికి పళ్లొస్తున్నాయి, ఇల్లంతా ఏడుపే. నా కంటి ఆపరేషన్ అయింది కదా, డాక్టరు కొన్నాళ్లు చదవొద్దన్నాడు. నీ కాగితాలు దిండు కింద దాచాను. ఉత్తరం మాత్రం ఆగలేక చదివేశాను.

దీనికింత ఆలోచన ఎందుకే పిచ్చిమొహమా? నన్ను గయ్యాళిని చేసెయ్. కరెంటాఫీసులో పనిచేసే రోజుల్లో నేను నోరు తెరిస్తే లైన్‌మెన్లు తప్పుకునేవాళ్లు, నాకు నప్పుతుందిలే. కాకపోతే లాప్‌టాప్ దాచడమేమిటి, చేతకాని అత్తలా? ఈ కాలం అత్త అయితే వైఫై పాస్‌వర్డ్ మార్చేస్తుంది. అది రాసుకో. ఫ్రిస్కోలో వాళ్లు ఏమనుకున్నా ఫర్వాలేదు. ఈసారి వచ్చినప్పుడు గుళ్లో నన్ను చూసి భయపడి ప్రసాదం లైన్లో దారిస్తారు.

ఫణి తలకి నూనె రాసుకోమని చెప్పు, వీడియోలో జుట్టు పల్చగా కనిపించింది.

అత్తయ్య
రాజేశ్వరమ్మ


ఫ్రిస్కో,
నవంబరు 2

ప్రియమైన అత్తయ్యకి,

మీరు చెప్పినట్టే రాశాను, వైఫై పాస్‌వర్డ్‌తో సహా. ఎడిటర్ చదివి "అత్తగారంటే ఇదీ" అంది. కాంట్రాక్ట్ పంపింది. సంతకం పెట్టడమే మిగిలింది.

ఫణి కూడా చదివాడు. కాగితాలు బల్ల మీద పెట్టి, "పుస్తకం కోసం మా అమ్మని ఇలా చేస్తావా?" అన్నాడు. అప్పటినుంచి "గార్బేజ్ బయట పెట్టావా, పాలు తెచ్చావా" అని తప్ప నాతో మాట్లాడటం లేదు. నాకూ ఒళ్లు మండి, మీరే ఒప్పుకున్నారని చెప్పలేదు. కోపం తగ్గాక నాకే తిండి సహించడం లేదు. రాస్తున్నప్పుడు సరదాగానే ఉంది అత్తయ్యా, మళ్లీ చదువుకుంటే మీ మొహం చూడలేననిపిస్తోంది.

సంతకం పెడితే రచయిత్రినవుతాను. పెట్టకపోతే మళ్లీ ఎవరి గడప ఎక్కాలో తెలియదు. మార్చిన అధ్యాయం కూడా పంపుతున్నాను. ఇప్పుడు కళ్లు బాగయ్యాయి కదా, రెండూ చదివి చెప్పండి. ఈ నెలాఖర్లో థాంక్స్‌గివింగ్ పండగ లోపల వాళ్లకి జవాబివ్వాలి. మీరు వద్దంటే మానేస్తాను. నిజంగానే మానేస్తాను.

మీ
శ్రీవిద్య


డబ్లిన్,
నవంబరు 14

శ్రీవిద్యకు,

ఆశీస్సులు. రెండూ చదివాను. సంతకం పెట్టకు, ఆగు.

గయ్యాళి అత్తని చూసి కోపం రాలేదు, నవ్వొచ్చింది. ఒళ్లు మండింది మొదటిదాన్ని చూసి. అందులో నేను పొద్దున్నే లేస్తాను, చిరునవ్వు నవ్వుతాను, నీ గదికి కాఫీ తెచ్చి "రాసుకో తల్లీ" అంటాను, మళ్లీ చిరునవ్వు నవ్వుతాను. ఏమే, నాకు వేరే పనే లేదా? ఒకత్తి నీకు అడ్డం పడటానికే పుట్టింది, ఇంకొకత్తి నీకు కాఫీ ఇవ్వడానికే పుట్టింది. ఇద్దరిలో ఒక్కదానికైనా తనకంటూ ఏదైనా కావాలని లేదు. ఎడిటరమ్మ నమ్మలేదంటే నమ్మదు మరి, నేనే నమ్మలేదు.

నిజం చెప్తా విను. నువ్వలా తలుపు వేసుకుంటే నాకు కుళ్లుగా ఉండేది. పుట్టింట్లో అక్కచెల్లెళ్లందరికీ ఒకటే గది, అత్తింట్లో హాల్లో మంచం, ఆఫీసులో అందరి మధ్యా బల్ల. నేను గడియ పెట్టుకున్నది స్నానాల గదికే. లోపల కూర్చుంటే ఎలా ఉంటుందో చూద్దామని కాఫీ వంకతో వచ్చేదాన్ని. ఇందులో నాకు సిగ్గేమీ లేదు. నీ మీద ప్రేమ లేదని కాదు. రెండూ ఉండేవి, నువ్వు ఒకటే రాశావు.

అందుకని ఒక పని చేశాను. పొద్దున పూట కింద గది నాదని, పిల్లాడు ఏడ్చినా పిలవొద్దని సుమతితో చెప్పాను. అది నోరెళ్లబెట్టింది. తలుపు వేసుకుని అత్తగారి అధ్యాయం నేనే తెలుగులో రాశాను. ఈ కవర్లోనే పెట్టాను. ఇంగ్లీషు చేసి పంపు. నా మాట నా మాటలాగే ఉండాలి, కింద నా పేరుండాలి. ఆవిడకి నచ్చకపోతే నీ పుస్తకం చెడగొట్టినదాన్నవుతానేమోనని భయంగానే ఉంది. అయినా పంపుతున్నాను.

అత్తయ్య
రాజేశ్వరమ్మ


ఫ్రిస్కో,
నవంబరు 30

ప్రియమైన అత్తయ్యకి,

మీ అధ్యాయం ఫణికి చదివి వినిపించాను. నవ్వి నవ్వి దగ్గు తెచ్చుకున్నాడు. ఆ హాల్లో మంచం దగ్గరకొచ్చేసరికి లేచి వెళ్లి మొహం కడుక్కుని వచ్చాడు. మన ఉత్తరాల సంగతంతా చెప్పేశాను. ఇప్పుడు మామూలుగానే మాట్లాడుతున్నాడు, మా అమ్మే నీకంటే బాగా రాస్తుందని రోజూ అంటున్నాడు.

ఎడిటర్‌కి ఇంగ్లీషులో పంపాను. గయ్యాళి అధ్యాయం తీసేస్తున్నానని, ఇది వద్దంటే పుస్తకమే వద్దని రాశాను. జవాబు వచ్చేదాకా ఆఫీసులో ఏం పని చేశానో నాకే తెలియదు. నిన్న ఫోన్ చేసింది. "ఈవిడ ఇన్నాళ్లూ ఎక్కడుంది?" అని అడిగింది. పుస్తకం వేస్తున్నారు అత్తయ్యా. ఆ అధ్యాయం కింద మీ పేరే ఉంటుంది. మీరూ సంతకం పెట్టాలి, కాగితాలు వస్తాయి.

ఒక్క విషయం. మీరు రాసిన ఆ కోడలు. అత్తగారు మాట్లాడుతుంటే ఫోన్ చూసుకుంటూ "ఊఁ" అంటుంది. నవలకి పనికొస్తుందని ఆవిడ కష్టాలన్నీ గుచ్చి గుచ్చి అడుగుతుంది, నీకేం కావాలని మాత్రం అడగదు. అది చదివి రెండు రోజులు మీ మీద ఉడికిపోయాను. నేనలా ఉంటానా అని ఫణిని అడిగితే, ఆఫీస్ కాల్ ఉందని మేడ మీదికి వెళ్లిపోయాడు.

ఆ పిల్లని కాస్త మంచిదాన్ని చేయమని బతిమాలుకుందామని ఈ ఉత్తరం మొదలుపెట్టాను. ఇప్పుడు అడగాలని లేదు. ఒక్క మాట కూడా మార్చకండి.

మీరు రాసిన కోడలు,
శ్రీవిద్య