అలెక్ నోటు పుస్తకాల్లో ఇంటూ గుర్తులు

సెప్టెంబర్ 10
గెలిచాం. 3–1. డిఫెన్స్ మధ్యలో నిలబడి, వచ్చిన ప్రతి బంతినీ తలతోనే తిప్పికొట్టాను. ప్రవీణ్ కెప్టెన్ కదా, వెనక నుంచి ఒకటే అరుపు. "నీది తలకాయ కాదురా బాబూ, గ్రానైటు." గుంటూరు మెచ్చుకోలు ఇలాగే ఉంటుంది. ఏడాదిగా ఒకే గదిలో ఉంటున్నాం, నాకింకా అలవాటు కాలేదు.

ఆట అయ్యాక మడత కుర్చీలో కూర్చున్న ఒక ముసలావిడ చెయ్యూపి పిలిచింది. పేరు జీన్. తొంభై దాటాయట. వాళ్ల నాన్న అలెక్ స్కాట్లాండ్‌లో ఫుట్‌బాల్ ఆటగాడు, రెండు ప్రపంచ యుద్ధాల మధ్య కాలంలో. ఆయన కూడా నాలాగే మధ్యలో నిలబడి తలతో కొట్టేవాడట. ఆయన నోటు పుస్తకాలు టైప్ చేసిపెట్టే మనిషి కావాలి. వారానికి రెండు పూటలు. సరే అన్నాను. గిడ్డంగిలో అట్టపెట్టెలు ఎత్తడం కన్నా నయం.

సెప్టెంబర్ 12
జీన్ గారి ఇల్లు. పదమూడు పుస్తకాలు, సీజన్‌కి ఒకటి. చొక్కా జేబులో పట్టేంతవి. అన్నీ పెన్సిల్ రాత. అలెక్ బొగ్గుగనిలో పనిచేసేవాడు. పంతొమ్మిదేళ్లకి గ్లాస్గోలో ఒక క్లబ్బు తీసుకుంది. పదేళ్లకు పైగా అక్కడ ఆడి, తర్వాత ఓడెక్కి ఇక్కడికి, కెనడాలో ఈ సార్నియాకి వచ్చి రిఫైనరీ జట్టుకి ఆడాడు. మ్యాచ్‌కి ఒకటే లైను – ఎవరితో, స్కోరు ఎంత, వాన పడిందా. "తడి బంతి" అని మాటిమాటికీ ఉంది. అప్పటి తోలు బంతి నీళ్లు పీలిస్తే ఇటుకంత బరువయ్యేదట.

కొన్ని లైన్ల పక్కన మార్జిన్‌లో ఇంటూ గుర్తులు. అవి నాన్న గోల్ కొట్టిన మ్యాచ్‌లు అంటారు జీన్ గారు. ఆ మాట చెప్పేటప్పుడు ఆమె ముఖం వెలిగిపోయింది. అక్టోబర్‌లో థాంక్స్‌గివింగ్ పండక్కి మనవళ్లందరూ వస్తారు, వాళ్లకి చదివి వినిపించాలట.

సెప్టెంబర్ 17
కార్నర్ కిక్. నేనూ ఎగిరాను, వాళ్ల ఫార్వర్డూ ఎగిరాడు. తలా తలా... తర్వాత గడ్డి వాసన. అంతే గుర్తు.

ప్రవీణ్ వేళ్లు చూపించి ఎన్ని అన్నాడు. మూడు అన్నాను. నాలుగట. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. మళ్లీ ఆడాను.

ఇంటికి డ్రైవ్ చేసింది నేనే. ఇంకెవరు చేస్తారు? ఇంట్లో నలుగురం, లైసెన్సు ఉన్నది నాకొక్కడికే. ప్రవీణ్ రోడ్ టెస్ట్ రెండుసార్లు ఫెయిల్. మిగతా ఇద్దరూ కొత్తగా దిగినవాళ్లు. పార్కింగ్‌లో కారు చాటుకి వెళ్లి వాంతి చేసుకున్నాను. ఎవరూ చూడలేదు.

సెప్టెంబర్ 18
సోమవారం. మధ్యాహ్నం సైరన్. కెమికల్ ప్లాంట్లలో ప్రమాదం జరిగితే మోగడానికి పెట్టినది, సోమవారం సోమవారం ఊరికే మోగించి చూస్తారు. ఎప్పుడూ పట్టించుకోలేదు. ఇవాళ దిండు చెవులకి అదుముకుని కూర్చున్నాను.

డాక్టర్ దగ్గరికి వెళ్తే కంకషన్, మెదడు అదిరింది అంటాడు. డ్రైవింగ్ ఆపేయమంటాడు. ఈ ఊళ్లో బస్సుల సంగతి తెలిసిందే. నలుగురి షిఫ్టులూ, నలుగురి క్లాసులూ నా ఒక్కడి స్టీరింగ్ మీద ఉన్నాయి. తలనొప్పే కదా. బామ్ రాసుకున్నాను.

సెప్టెంబర్ 21
జీన్ గారు పేపర్ కటింగ్స్ పెట్టె ఇచ్చారు. ఇంటూ గుర్తున్న మ్యాచ్ ఒకటి వెతికి పట్టుకున్నాను. గోల్ కొట్టింది ఇంకెవరో. ఇంకోటి చూశాను. అసలు గోలే లేదు, 0–0. మూడోది – "అలెక్ స్పృహ తప్పాడు, తలకి కట్టుతో తిరిగొచ్చి చివరిదాకా ఆడాడు, ఎంత ధైర్యం!" అని పొగడ్త. అప్పట్లో ఆట మధ్యలో మనిషిని మార్చే రూలే లేదట.

మరి ఈ గుర్తులేంటి? జీన్ గారికి చెప్పలేదు. చెప్పబుద్ధి కాలేదు.

సెప్టెంబర్ 24
సెమీఫైనల్. గెలిచాం. రెండే రెండుసార్లు తల పెట్టాను. ప్రవీణ్ అలిగాడు. అలగనీ.

సెప్టెంబర్ 26
చెప్పేశాను. దాచలేకపోయాను.

అలెక్ ఎడమచేతి వాటం, అక్షరాలన్నీ ఎడమకి వాలి ఉంటాయి. ఇంటూ ఉన్న లైన్లలో మాత్రం నిటారుగా ఉన్నాయి, బడిపంతులు రాతలాగా. ఇవి ఎవరు రాశారండీ అని అడిగాను. జీన్ గారు చాలాసేపు చూశారు. లేచి వంటింట్లోకి వెళ్లి వాళ్లమ్మ వంటల పుస్తకం తెచ్చి పక్కన పెట్టారు. అదే రాత.

ఆమెకి అప్పుడు ఐదారేళ్లు. మ్యాచ్ మర్నాడు పొద్దున టిఫిన్ బల్ల దగ్గర అమ్మ చదివేదట – నువ్వు ఇక్కడ ఆడావు, వాన పడింది, మనవాళ్లు గెలిచారు. నాన్న ఊరి కబుర్లు విన్నట్టు వినేవాడట. వినడం అయ్యాక పెన్సిల్ తీసుకుని పక్కన గుర్తు పెట్టేవాడు. "అది వాళ్లిద్దరి ఆట అనుకున్నాను" అన్నారు జీన్ గారు.

ఆయనకి గుర్తులేని మ్యాచ్‌లు అవి. పదమూడో పుస్తకం తెరిచాం. ప్రతి లైనుకీ ఇంటూ.

నాకు భయమేసింది.

సెప్టెంబర్ 28
హైవే మీద ప్రవీణ్‌నీ మిగతా ఇద్దరినీ షిఫ్టుకి తీసుకెళ్తున్నాను. రోజూ దిగే ఎగ్జిట్. ప్రవీణ్ గొంతు వినపడింది, ఎక్కడో దూరం నుంచి. "ఒరే, అమెరికా తీసుకెళ్తున్నావా ఏంట్రా?"

ఎదురుగా అమెరికాకి పోయే బ్రిడ్జి. మా ఎగ్జిట్ ఎప్పుడో దాటిపోయింది. బ్రిడ్జికి ముందు ఇదే ఆఖరి ఎగ్జిట్ అని బోర్డు. ఒక్కరికీ అమెరికా వీసా లేదు. బ్రిడ్జి ఎక్కామా, అటు చివర ఆఫీసర్ ముందే ఆగడం. ఒక్కసారిగా తిప్పాను. వెనక లారీవాడు హారన్ మీద నుంచి చెయ్యి తియ్యలేదు.

ఆ రెండు నిమిషాలు నేనెక్కడున్నాను? ఎంత తన్నుకున్నా దొరకడం లేదు.

సెప్టెంబర్ 29
ప్రవీణ్‌కి మొత్తం చెప్పాను. వాంతి, బ్రిడ్జి, అలెక్ పుస్తకాలు, ఆయన భార్య రాసిన లైన్లు. వాడు టీ తాగడం ఆపేశాడు. "ఆదివారం ఫైనల్ ఒక్కటీ ఆడెయ్. సోమవారం నేనే డాక్టర్ దగ్గరికి తీసుకెళ్తా." ఎలా తీసుకెళ్తావురా, మోసుకునా? ఆ మాట పైకి అనలేదు. వాడి మీద పీకలదాకా కోపంగా ఉంది. నా మీద అంతకన్నా ఎక్కువ.

సాయంత్రం జీన్ గారి ఫోన్. నాన్న తనకి యాభై నిండకముందే ఆమెని చూసి, ఈ పిల్ల ఎవరి పిల్ల అని అమ్మని అడిగాడట. అమ్మ అది కూడా ఆ వంటల పుస్తకంలో రాసిందట. "నువ్వు ఆడకు" అన్నారు. ఆడనని మాటిచ్చాను.

ఆడను.

సెప్టెంబర్ 30
పొద్దున్నుంచీ వాన. బూట్లు అల్మరా పైన, అందనంత ఎత్తున పెట్టాను. సోమవారం డాక్టర్ దగ్గరికి. డ్రైవింగ్ బంద్. ఎవరి షిఫ్టులు వాళ్లు చూసుకుంటారు.

ఆడను. మళ్లీ రాస్తున్నాను, చూసుకోవడానికి. ఆడను.

అక్టోబర్ 1
వాన. 2–1. మనమే గెలిచాం. ఆఖరి నిమిషంలో గోల్‌లైన్ మీద తలతో ఆపావు. నీ వల్లే కప్పు వచ్చింది.

అక్టోబర్ 2
సైరన్ మోగింది. దానితోనే మెలకువ. సైరన్ అంటే సోమవారం. ఆదివారం ఏదీ?

తలుపు దగ్గర నా బూట్లు. తడి, బురద. నుదురు మీద చెయ్యి పెట్టలేకపోతున్నాను.

డైరీ తెరిచాను. పైన నిన్నటి పేజీలో ఉన్న నాలుగు ముక్కలూ నా రాత కాదు. గుండ్రటి అక్షరాలు, ప్రవీణ్‌వి. నేను చెప్పిన కథ విని, ఆ ఇల్లాలు చేసిన పనే చేశాడు. కోపం కూడా రావడం లేదు. శనివారం పేజీలో "ఆడను" అని మూడుసార్లు రాయాల్సింది, రెండుసార్లే రాశానేమో అని పిచ్చి ఆలోచన.

వాడు మంచం అంచున కూర్చుని ఉన్నాడు. షిఫ్టుకి పోలేదు.

"నాకేం యాదికి లేదురా" అన్నాను.

"నువ్వే వచ్చావ్ రా. కుర్చీ ఎక్కి బూట్లు నువ్వే తీసుకున్నావ్. నేను ఆపలేదు, అంతే."

జీన్ గారి మిస్డ్ కాల్స్ ఉన్నాయి. ఏమని చెప్పను? ఆమెకే తెలుసేమో. మడత కుర్చీ వేసుకుని వాన్లో కూర్చుని చూశారేమో.

పెన్ను తీసుకుని వాడి లైను పక్కన ఇంటూ పెట్టబోయాను. చెయ్యి ఆగింది. కిటికీలోంచి కారు కనిపిస్తోంది. ముందు చక్రాలు లాన్ మీద, వెనక చక్రాలు డ్రైవ్‌వేలో. ప్రవీణ్‌కి లైసెన్సు లేదు. మిగతా ఇద్దరికీ లేదు.

"నిన్న ఇంటికి ఎవరు డ్రైవ్ చేసిన్రు?"

ఈ మాట అడిగి చాలాసేపైంది. వాడు ఇంకా నేలకేసి చూస్తున్నాడు.