గుట్ట మీద వానకాలం

జూన్ 14, 1980

పైకి వచ్చేశాం. నారాయణఖేడ్‌లో బస్సెక్కి, నాగల్‌గిద్ద దాటాక దిగి, అక్కడి నుంచి నడక. వానకాలం అయ్యేదాకా ఆయనకు ఇక్కడే డ్యూటీ, అడవి వాచరు. టేకు కొట్టుకుపోయేవాళ్ల మీద కన్నేసి ఉండాలి. పెళ్లయి ఏడాది కాలేదు. "నువ్వు ఖేడ్‌ల మీ అమ్మ తాన ఉండు శాంతా" అన్నాడు. నేనే పట్టుబట్టి వచ్చాను. ఇప్పుడు రేకుల గది గుమ్మంలో కూర్చుని... ఎందుకొచ్చానా అని.

జూన్ 15

కింద నిప్పులాంటి ఎండ, ఇక్కడ కొంగు నిండా కప్పుకోవాల్సినంత గాలి. ఆగదు. టేకాకులు ఒకదానికొకటి రాసుకుంటుంటే అచ్చం వాన చప్పుడే. రెండుసార్లు పరుగెత్తి ఆరేసిన బట్టలు తీశాను. చుక్క పడలేదు.

జూన్ 21

గుట్ట నెత్తి అంటే మొనలా ఉంటుందనుకున్నాను. కాదు, బల్లపరుపు. తుప్పు రంగు రాయి, దాని మీద జానెడు మన్ను. ఆ జానెడులోనే ఇంత అడవి — టేకు, తునికి, నల్లమద్ది. నడుమ చిన్న మిట్ట. దాని మీద నిలబడి ఆయన చేయి చాపాడు. "గీ పక్క వడ్డ వాన మన దిక్కు పోతది. గా పక్క వడ్డది కర్ణాటక పోతది." ఆ నీళ్లు దిగిపోయే రెండు కాలువలూ పక్కపక్కనే మొదలు. చూపించి మళ్లీ అడవిలోకి వెళ్లిపోయాడు. ఒకచోట కూర్చోడు. నాకూ కుదురు లేదు. గదిలోకీ బయటికీ, బయటికీ గదిలోకీ.

జూన్ 30

వాన.

జూలై 5

ఇది వాన కూడా కాదు. మబ్బే ఇంట్లోకి వస్తోంది. అగ్గిపుల్ల వెలగదు. ఉప్పు నీరైంది. తలుపు తీస్తే తెలుపు, వాకిట్లో చెట్టు కూడా కనబడదు. కింది తండా నుంచి పాలు తెచ్చే సక్రిబాయి పైకి రావడం మానేసింది. మాట్లాడడానికి ఆయన ఒక్కడే. ఆయనేమో తడిసి వచ్చి గోడవైపు తిరిగి పడుకుంటాడు.

అరిచాను.

"గంత పరేషానయితే దిగిపో" అన్నాడు.

ఈ మబ్బులో ఎక్కడికి పోను?

జూలై 8

ఆయనకు చలి. గొంగడి, దాని మీద నా చీరలన్నీ... అయినా వణుకు. తర్వాత ఒళ్లు పెనంలా కాలుతోంది. "ఏం లేదు, తగ్గుతది తియ్" అంటున్నాడు.

జూలై 9

తగ్గలేదు.

జూలై 10

పొద్దున నన్ను పట్టుకుని "అమ్మా" అన్నాడు. మనిషి తెలివిలో లేడు. మబ్బు విడిచేదాకా ఆగాలా? ఎప్పుడు విడుస్తుందో. బాట కనిపించదు. కాలువ వెంట పోతే కిందికైతే చేరతాం కదా. లేపుతున్నాను.

జూలై 13, ఖేడ్

దవాఖాన వరండా. మలేరియా అన్నారు. సూది వేశారు, నిద్రపోతున్నాడు. ఇప్పుడు రాయగలను.

ఆయన చేయి నా మెడ చుట్టూ వేసుకుని దిగాను. కాలువ చప్పుడే దారి. ఒకచోట ఇద్దరం జారి పడ్డాం. ఆయన లేవనన్నాడు. "లెవ్వు, నేనొక్కదాన్నే మొయ్యలేను" అని చెంప మీద కొట్టాను కూడా. లేచాడు. సగం దిగాక ఒక్కసారిగా మబ్బు తెగిపోయింది. కింద కంది చేలు. కానీ తండా లేదు, మేం వచ్చిన బాట లేదు.

మిట్ట దగ్గర తప్పు కాలువ పట్టుకున్నాను. కర్ణాటక దిక్కు దిగాం.

చేలో కలుపు తీస్తున్న ముసలమ్మ పరుగెత్తుకొచ్చింది. "యారవ్వా నీవు?" అంది. నాకు కన్నడం రాదు, ఎవరని అడుగుతోందనుకున్నాను. ఆయన నుదురు చూపించాను. చేయి పెట్టి చూసి, ఇక ఏమీ అడగలేదు. "బా అవ్వా, ఒళగ బా" అంటూ నన్ను గుడిసెలోకి లాక్కెళ్లింది. తన పొడి చీర నాకు కట్టింది. ఆమె కొడుకు ఎడ్లబండి కట్టి మమ్మల్ని బస్సు దాకా చేర్చాడు. అప్పుడు ఏడ్చాను. ఆమె పేరైనా అడగలేదు.

జూలై 19

ఇంటికొచ్చాం. అమ్మ ఒకటే మాట — "గా గుట్ట మీదికి ఇగ పోయేది లేదు. వాడు పోతే పోనీ, నువ్వు పోతే నా మీద ఒట్టే." ఆయన వింటూ గోడకు ఆనుకుని జావ తాగాడు.

జూలై 24

ఇక్కడ ఉక్క. గాలి లేదు. అమ్మ గుడ్డలు మడతపెట్టమంటే సగంలో వదిలి వాకిట్లోకి వచ్చాను. మళ్లీ లోపలికి. "ఏందే, కాళ్ల కింద ముండ్లున్నయా?" అంది.

జూలై 28

రేపు పొద్దున బస్సుకు ఆయన వెళ్తున్నాడు. మొహంలో ఇంకా రక్తం లేదు. సంచి సర్దుతూ, నావైపు చూడకుండా అడిగాడు.

"వస్తవా?"

అమ్మ పొయ్యి దగ్గర ఉంది. వింటోంది.

"మాత్రలు మర్చిపోకు" అన్నాను.

తలూపాడు. రాననే అనుకున్నాడేమో. నేను రానని అనలేదు. వస్తాననీ అనలేదు.