బియ్యం కడిగే చేతులు

అమ్మమ్మా,

నిన్న నీ సంవత్సరీకం అయింది. ఇవాళ ఇంగ్లిష్ పేపర్లో మన జపాన్ సీరియల్ దర్శకుడి గురించి రాశారు.

టీవీలో ఆ సీరియల్ హిందీ మాటలను నేను తెలుగులో చెబుతుంటే నువ్వు ఊ కొట్టేదానివి. అందులో తల్లి బియ్యం కడుగుతుంటే, నీళ్లు వంచేదాకా ఆ చేతులనే చూపించేవాడు. దుబ్బాకలో ఏళ్ల తరబడి మగ్గాలకు నూలు చుట్టిన నీకు అదే నచ్చింది.

"పని సగంల ఇడిసిపెడ్తలేడే, ఎవ్వల కొడుకో గాని!" అనేదానివి.

"గా జపానోళ్ల గోస మీకెందుకే?" అని అమ్మ వంటింట్లోంచి కసిరేది.

సీరియల్ సగంలో ఉండగా నువ్వు పోయావు. తర్వాత నేను చూడలేదు.

పేపర్లో చూస్తే, ఆ దర్శకుడు మొదట సెట్లో సామాన్లు మోశాడట. దర్శకుడయ్యాక తీసిన అలా పనిని చివరిదాకా చూపే దృశ్యాలను, పొడుగయ్యాయని పైవాళ్లు కత్తిరించేవారట. ఆ మాట అనేవాళ్లు ఉండకూడదని తానే నిర్మాత అయ్యాడట. ఇప్పుడు చూపు తగ్గి పని మానుకున్నాడు.

నీ పీట పక్కన కూర్చుని ఇదంతా తెలుగులో పైకి చదివాను. నువ్వు ఊ కొట్టే చోట ఆగాను.

కాసేపటికి వంటింట్లోంచి అమ్మ, "ఊ" అన్నది.