పెన్సిల్‌తో చేర్చిన అర్థాలు

అన్నయ్యకు నమస్కారం.

లాండ్రీలో ఆడవాళ్లు నా ఇంగ్లీషు విని నవ్వుతున్నారు, పని మానేసి వచ్చేస్తానని కిందటి కార్డులో రాశాను కదా, ఇక దాని గురించి బెంగ పెట్టుకోకు. వాళ్లు అనే ఇంగ్లీషు మాటలకు డిక్షనరీ చూసి అర్థాలు రాసుకునే నోటుబుక్కును మొన్న ఇస్త్రీ బల్ల మీద మరిచిపోయాను. అందరికంటే ఎక్కువగా నవ్వే, కాలర్లు ఇస్త్రీ చేసే ఆవిడకు అది దొరికింది. చాటుగా రాసుకున్నానని కోపగించుకుంటుందేమోనని భయపడ్డాను. మర్నాడు ఆవిడ తిరిగి ఇచ్చాక తెరిచి చూస్తే, ప్రతి అర్థం పక్కనా పెన్సిల్‌తో వాళ్ల వాడుక అర్థం రాసి ఉంది. “సిక్” ఎదురుగా నేను జబ్బు అని రాస్తే, ఆవిడ “బ్రహ్మాండం” అని చేర్చింది.

“నీది పుస్తకంలో ఇంగ్లీషక్కా, వింటే నవ్వు ఆగదు. కానీ సూపర్‌వైజర్ పరీక్షలో అదే అడుగుతారట. ఈ వాడుక మాటలు నేను చెప్తా, ఆ పుస్తకం మాటలు నువ్వు చెప్పు” అంది.

ఒకే మాట తిరగేసిన చొక్కాలా ఇంకోలా కనబడుతుంటే నాకు భలే వింతగా ఉంది.

నాన్నగారి పెద్ద డిక్షనరీ పంపు. వదిన మోకాలు ఎలా ఉంది? చిన్నదానికి జ్వరం తగ్గిందా? పిల్లలకు నా ఆశీస్సులు. శుక్రవారమే ఆవిడ పరీక్ష. నా దేవుడి పటం దగ్గర పెట్టమని ఆవిడ తన హాల్‌టికెట్టు నా చేతికిచ్చింది, నువ్వూ ఒక దణ్ణం పెట్టు.

నీ చెల్లెలు