ఆరేళ్ళ పాపకు పద్దెనిమిది నిండిన కేసు

యాభై ఏళ్ళు బూట్లు కుట్టి బతికిన నేను, డెబ్బై ఆరో ఏట, ఎవరి ఒత్తిడీ లేకుండా, తెలివిలో ఉండి, ఇష్టపూర్వకంగా రాయించిన వీలునామా ఇది. నా మతి నిలకడగా ఉందని డాక్టరు కాగితం ఇచ్చాడు. పన్నెండేళ్ళు కోర్టు చుట్టూ తిరిగానని ఆయనకు చెప్పలేదు. ఇంతకుముందు రాసినవన్నీ రద్దు.

కొడుకూ కోడలూ బస్సు ప్రమాదంలో పోయారు. వాళ్ళ పాపను కోడలి చెల్లెలు, ఆసుపత్రిలో నర్సు, తనింటికి తీసుకెళ్ళింది. పాపను నాకప్పగించాలని పిటిషన్ వేశాను. వాయిదాల మీద వాయిదాలు. కిందటి నెల అసలు విచారణకొస్తే, మా ప్లీడరు పాత కాగితమే తీసి, "ఆరేళ్ళ పసిపాపండీ, చెయ్యి పట్టుకుని రోడ్డు దాటించాలి" అని చదివాడు. పక్కన నిలబడ్డ పాప ఆయనకంటే బెత్తెడు పొడుగుంది. ఆ పూట నన్ను స్కూటర్ మీద కోర్టుకు తెచ్చింది తనే. జడ్జిగారు కాగితాన్ని చూశారు, పిల్లను చూశారు. మేజరయింది, తేల్చడానికి ఇంకేమీ మిగల్లేదని కేసు మూసేశారు. నేను ఓడలేదు, ఆవిడ గెలవలేదు. గుండెల మీంచి బండ దిగింది. ఇంటికొచ్చి ఆదమరిచి నిద్రపోయాను.

1. దుకాణం, తోలు కుట్టే మిషను మా అమ్మాయికి. "పై కోర్టుకెళ్దాం నాన్నా, ఊరుకుంటే లోకువైపోతాం" అని ఇప్పటికీ పోరుతోంది. నీ పౌరుషం నా దగ్గర్నుంచి వచ్చిందేలే తల్లీ. కానీ ఈ కేసును నువ్వు తిరగదోడితే దుకాణం మీ మరిదికి పోతుంది. ఆ మాట చాలనుకుంటాను.

2. మనవరాలికి, తన పాదాల కొలతకు చెక్కిన కొయ్య అచ్చులు, పన్నెండు జతలు. నెలకోసారి కోర్టు గదిలో గంటసేపు నిన్ను చూడనిచ్చేవారు. కాగితం మీద నిలబెట్టి కొలత గీసుకునేవాణ్ణి. పిల్లల బూట్లలో ఎదిగే పాదానికి వేలెడు చోటు వదలాలి. నేను వదల్లేదు. వచ్చే వాయిదాకి నువ్వు ఎలాగూ ఇంటికొచ్చేస్తావు, అప్పుడు కొత్తవి కుడదామనుకునేవాణ్ణి. నీ మడమలు పుండ్లు పడ్డాయి. మీ పిన్ని బూట్ల వెనక కోసి తొడిగితే, నా పని పాడుచేసిందని ఆవిడ మీద ఇంకో పిటిషన్ పడేశాను. తప్పు నాదేనమ్మా. ఇక ఎక్కడుంటావో, ఎవరింట్లో తింటావో నీ ఇష్టం.

3. ప్లీడరుగారికి నా గోడ క్యాలెండరు. కేసు కట్టలు మాత్రం ఎవరూ దాచొద్దు. బూట్లు వంకరపోకుండా లోపల కుక్కడానికి వాడండి.

4. ఇవన్నీ అమలు జరిపే బాధ్యత అల్లుడిది. కోర్టు మెట్లెక్కని వాడు మా ఇంట్లో అతనొక్కడే.

5. మనవరాలి పిన్నికి ఏమీ లేదు. డ్యూటీలో నిలబడి నిలబడి కాళ్ళు వాచే మనిషి, నా చేతి గడియారమైనా రాద్దామనుకున్నాను. సాక్షి సంతకం పెట్టినవాళ్ళకు వీలునామాలో ఏదీ దక్కదని టైపిస్టు అడ్డుపడ్డాడు. గడియారం కావాలా, సంతకం పెడతావా అని ఆవిడనే అడిగాను. "పెన్నిలా ఇవ్వండి మావయ్యగారూ" అంది.

2019 జూన్ 14, శుక్రవారం.

(సంతకం) బూట్ల తాత

సాక్షులు:
1. మనవరాలి పిన్ని, నర్సు. పన్నెండేళ్ళపాటు ప్రతివాది.
2. కోర్టు ముందు కూర్చునే టైపిస్టు.