గిద్యోను ఫోటో

గిద్దలూరు,
మంగళవారం.

ప్రాణమైన రేష్మాకి,

నా ఫోను, లాప్‌టాప్ పోలీసుల దగ్గరున్నాయి. అందుకే ఈ ఉత్తరం. కుడి చెయ్యి కట్టులో ఉంది, ఎడమ చేత్తో రాస్తున్నాను. అక్షరాలు వంకర పోతే కోప్పడకు.

నేను చూసుకునే స్కూలు వెబ్‌సైటు నీకు తెలుసు కదా. పిల్లలు బడికి రాకపోయినా, ఆటో ఆలస్యమైనా ఇళ్లకు అక్కడినుంచే మెసేజ్ పోతుంది. అందులో ఫోటోలు ఎక్కించే చోట ఒక లోపం ఉంది. ఫోటో అని చెప్పి ఎవరైనా ప్రోగ్రాం ఎక్కిస్తే, సర్వర్ దాన్ని దాచి ఊరుకోదు, నడిపిస్తుంది. ఇక ఎక్కడో కూర్చున్నవాడు చెప్పిందల్లా మన సర్వర్ చేస్తుంది. కొన్నాళ్లు సైట్ ఆపి బాగుచేస్తానని కరస్పాండెంటుతో ఎన్నోసార్లు చెప్పాను. "పరీక్షలప్పుడు ఆపేదేందమ్మా? సెలవుల్లో చూద్దాంలే" అన్నాడు.

పోయిన గురువారం మధ్యాహ్నం ఎవడో ఆ దారినే దూరాడు. డ్రైవర్ల ఫోటోల్లో మొదటిది తీసుకుని, "వీడు పిల్లల్ని ఎత్తుకుపోతున్నాడు, కనిపిస్తే పట్టుకోండి" అని స్కూలు పేరుతో అందరికీ పంపాడు. ఆ ఫోటో గిద్యోనుది. రాచర్ల పిల్లల్ని ఆటోలో తెచ్చే మనిషి.

సర్వర్ ఆపేసి బడి గేటు దగ్గరికి పరుగెత్తాను. నేను చేరేసరికే అతన్ని జుట్టు పట్టుకుని ఆటోలోంచి ఈడ్చేశారు. రాళ్లు, కర్రలు, దొరికిందల్లా. "నేను స్కూలు ఆటో సామీ, పిల్లలనడగండి" అంటుంటే నోటిమీద తన్నారు. పళ్లు మట్టిలో పడ్డాయి. "ఆపండన్నా! ఆ మెసేజ్ అబద్ధం, స్కూలు పంపలా!" అని అరిచాను. ఒక్కరూ వినలేదు. అతని మీద పడి కప్పుకున్నాను.

నాకు రాయి తగిలిందని అందరూ అనుకుంటున్నారు. రాయి కాదు రేష్మా. మా సురేష్ అన్న చేతిలోని ఇనప రాడ్డు. అన్న కూతురు మల్లి కూడా ఆ బళ్లోనే చదువుతుంది. మొదటి దెబ్బ నన్ను చూడక కొట్టాడు. రెండోది చూసి కొట్టాడు.

ఎస్సై అడిగితే ఎవరినీ గుర్తుపట్టలేదన్నాను. అమ్మ నా కాళ్లు పట్టుకుంది. "బిడ్డ మీద భయంతో పిచ్చెక్కి కొట్టినాడే, కావాలని కాదు" అంది. అదే నమ్మాలని ఉంది. గిద్యోను ఒంగోలు ఆసుపత్రిలో ఉన్నాడు. బతుకుతాడంటున్నారు. ఈ సంగతి ఇంకెవరికీ చెప్పను.

నీ సుస్మిత.

మార్కాపురం,
ఆదివారం.

రేష్మా,

గిద్యోను చనిపోయాడు.

ఆ వార్త వచ్చేనాటికి బళ్లోని కంప్యూటర్ మీద కూర్చుని సర్వర్ మొత్తం తుడిచి కొత్తగా కట్టాను. ఇప్పుడు ఫోటో తప్ప ఇంకేదీ లోపలికి రాదు. ఏదైనా తప్పించుకుని వచ్చినా, దాన్ని పెట్టే చోట ఏ ప్రోగ్రామూ నడవదు. ఇద్దరు ఒప్పుకోనిదే మెసేజ్ బయటికి పోదు. ఆ మెసేజ్ పంపినవాడు మళ్లీ వచ్చాడు, అదే ఎత్తుతో. సర్వర్ వాణ్ని గుమ్మంలోనే ఆపేసింది. అది చూసి సంతోషం రాలేదు.

ఇంటికి వెళ్లేసరికి అన్న అన్నం తింటున్నాడు. గిద్యోను పోయాడని చెప్పాను. పప్పు గిన్నె దగ్గరికి లాక్కున్నాడు.

"ఆ మెసేజ్ అబద్ధమని తెలిసింది గదన్నా. ఏమీ అనిపించలేదా నీకు?"

"అబద్ధమైతే ఏంది? అట్లాంటోళ్లు ఇయాల కాకుంటే రేపు ఎత్తుకపోతారు."

"మరి నన్నెందుకు కొట్టినావు?"

"అడ్డమొచ్చినావు గాబట్టి" అని ఇంకో ముద్ద కలుపుకున్నాడు.

భయమూ లేదు, పిచ్చీ లేదు. చెప్పులేసుకుని తిన్నగా స్టేషనుకు నడిచాను. "గిద్యోనునూ నన్నూ కొట్టింది మా సురేష్ అన్న. ఇనప రాడ్డుతో. నా కళ్లతో చూసినా" అన్నాను. ఎస్సై రాయడం ఆపి చూశాడు. "సొంత అన్నేనా?"

"సొంత అన్నే సార్."

వెనకే వచ్చిన అమ్మ అందరి ముందూ నా చెంప పగలగొట్టింది. "ఈ ఇంట్లో పుట్టినదానివేనా నువ్వు?" అంటూ రెండోసారి చెయ్యెత్తింది. ఇంతలో అన్న భార్య భవాని మల్లిని చంకనేసుకుని లోపలికి వచ్చింది. ఆమె కూడా కొట్టడానికే వచ్చిందనుకున్నాను. వదిన నా మొహం చూడనైనా చూడలేదు. బల్ల దగ్గరికి పోయి నిలబడింది.

"బిడ్డను బడినుంచి పిల్చుకపోను పోయి నేను గూడ ఆడనే ఉన్నా సార్. ఆయన్ను చూసినా. నాదీ రాసుకోండి."

అన్నను తీసుకుపోయారు. అమ్మ తలుపు తీయలేదు. వదిన, మల్లి, నేను ఇక్కడ ఒక గది తీసుకున్నాం. వదిన నాతో ఇంకా సరిగా మాట్లాడదు. ఆమె ఏడిస్తే నేను దగ్గరికి పోను, నేను ఏడిస్తే ఆమె రాదు. అన్నం మాత్రం ముగ్గురం కలిసే తింటున్నాం.

సుస్మిత.